ఆపకుండా ఉంచిన మిషను

సత్తెనపల్లిలో కంప్యూటర్లు బాగుచేసే నజీరాకు రెండు పట్టింపులున్నాయి. ఒకటి, ఎవరికీ రేపొస్తానని చెప్పదు. వస్తే ఇవాళే వస్తుంది, లేకపోతే రానని మొహం మీదే చెప్పేస్తుంది. రెండోది, పని అయ్యాక మిషను మీట తన చేత్తో ఆపి, వైరు గోడలోంచి పీకి, పీకిన వైరు ఇంటివాళ్ళకు చూపించి మరీ గడప దాటుతుంది. "ఏందమ్మా, పాము కోరలు పీకినట్టు చూపిస్తావు" అని ఎగతాళి చేసేవాళ్ళున్నారు. చేసుకోనీండి. ఈ రెండు పట్టింపులూ ఒక్క సాయంత్రం చేసిన పొరపాటు నుంచి వచ్చాయని, ఆ సాయంత్రం ఒక మనిషి పోయాడని వాళ్ళకేం తెలుసు?

అది రెండువేల సంవత్సరం. నజీరాకు ఇరవై మూడేళ్ళు. చిలకలూరిపేటలో ఇమ్మానియేలు దగ్గర రెండేళ్ళు పని నేర్చుకుని వచ్చి, మార్కెట్ యార్డుకు పోయే దారిలో అంతకు ముందు ఏడాదే చిన్న కొట్టు పెట్టింది. ఆడపిల్ల స్క్రూడ్రైవరు పట్టుకోవడమేమిటని మొదట్లో అందరూ వింతగా చూశారు. చచ్చాయనుకున్న మిషన్లు నాలుగు లేచి కూర్చున్నాక వింత పోయి పిలుపులు మొదలయ్యాయి. మా వైపు ఈ పని అంత సుఖమైనది కాదు. జిన్నింగు మిల్లు కంప్యూటరు మూత విప్పితే ఫ్యాను నిండా దూది. మిర్చి కొట్టు కంప్యూటరు మూత విప్పితే ముందు పది తుమ్ములు, తర్వాతే పని. నజీరా ముక్కుకు ఓణీ చుట్టుకుని కూర్చునేది.

కొట్టు పెట్టాక ఆమెకు మొదటి పిలుపు త్యాగరాజు మాస్టారిది. హైస్కూల్లో ఆమెకు సైన్సు చెప్పిన మనిషి. రిటైరయ్యాక కంప్యూటరు కొనుక్కుని, తెలుగు టైపు చేసే సాఫ్టువేరు వేయించుకుని, పుస్తకం రాస్తున్నారు. పత్తి చేలో పురుగుల మీద పుస్తకం. పచ్చపురుగు కనపడగానే రైతు మందు డబ్బా వీపున తగిలించుకుని అన్నిటినీ కలిపి చంపేస్తున్నాడని, అందులో సగం రైతుకు మేలు చేసేవేనని ఆయన బాధ. పొద్దున చేలల్లో తిరిగేవారు, సాయంత్రం నాలుగున్నరకు మిషను ముందు కూర్చునేవారు. మిషను లేచేటప్పుడు వచ్చే చిన్న పాట వినపడితే చాలు, భార్య కామేశ్వరమ్మగారు వంటింట్లో కాఫీ కలిపేవారు. "మా నజీరా ఉండగా నాకేం భయం" అని మాస్టారు వీధిలో అందరితోనూ చెప్పేవారు.

ఆ జనవరిలో ఆయన ఇంగ్లీషు నేర్పే సీడీ ఒకటి కొని మిషనులోకి ఎక్కించుకున్నారు. డిస్కు నిండిపోయింది. నజీరా వెళ్ళి దాన్ని తీసేసింది. పావుగంట పని. మర్నాటి నుంచి తెలుగు సాఫ్టువేరు తెరుచుకోవడం మానేసింది. మిషను పెట్టగానే దానంతటది తెరుచుకునేలా మాస్టారు పెట్టించుకున్నారేమో, ఇప్పుడు దాని బదులు తెర మధ్యలో ఒక గడి వచ్చి నిలబడేది. ఫలానా డీఎల్ఎల్ ఫైలు కనపడలేదు అని అందులో ఇంగ్లీషు వాక్యం, దాంతోపాటు ఠంగుమని ఒక మోత. ఏడాదిన్నర రాత ఆ లోపల ఉండిపోయింది. ఫైళ్ళ పేర్లు కనిపిస్తాయి, ఇంకో దాంట్లో తెరిస్తే పిచ్చిగీతలు.

వైరస్ అయి ఉంటుందనుకుంది నజీరా. సాఫ్టువేరు మళ్ళీ వేద్దామంటే దాని ఫ్లాపీలు నాలుగింటిలో మూడోది బూజు పట్టి చదవడం లేదు. అదే పేరున్న ఫైలు తన కొట్లోని మిషనులోంచి తెచ్చి వేసింది. గడిలో వాక్యం మారింది గాని పుస్తకం తెరుచుకోలేదు. "మళ్ళీ వచ్చి చూస్తాను మాస్టారూ" అని చెప్పి వెళ్ళిపోయింది. ఆ మళ్ళీ అనేది నెల దాటింది.

ఫిబ్రవరిలో ఒకరోజు పొద్దున్నే కొట్టుకు ఫోను వచ్చింది.

"అమ్మాయ్, మిషను పెట్టాను. అదే గడి నిలబడింది" అన్నారు మాస్టారు.

"ఆపకండి మాస్టారూ, అలాగే ఉంచండి. పది నిమిషాల్లో వస్తున్నా."

చెప్పడమైతే చెప్పింది. యార్డులో ఆ రోజు మిర్చి లారీలు ఊరి బయటిదాకా నిలబడ్డాయి. ఒక కొట్లో ప్రింటరు కాగితం మింగి కూర్చుంది, ఇంకో కొట్లో అసలు తెరే వెలగలేదు. ఒంటిగంటకు మాస్టారు మళ్ళీ ఫోను చేశారు. నాలుగింటికి మళ్ళీ చేశారు. అప్పటికి నజీరా అన్నం కూడా తినలేదు, కళ్ళు ఘాటుకు మండిపోతున్నాయి. విసుక్కుంది. ఆ విసుగు ఆయనకు వినపడే ఉంటుంది.

"రేపు పొద్దున్నే వస్తాను మాస్టారూ. మీరు మాత్రం ఆపకండి, ఆ గడిలో ఈసారి ఏముందో నేను కళ్ళారా చూడాలి."

"సరేనమ్మా, నువ్వు వచ్చేదాకా ఆపనులే" అన్నారాయన.

దీపాలు పెట్టే వేళకు ఆ కుర్చీలోనే ఆయన గుండె ఆగిపోయింది.

పోయింది ధనిష్ఠ నక్షత్రంలో. ఆ నక్షత్రంలో ఎవరైనా పోతే ఆరు నెలలు ఇల్లు మూసెయ్యాలి, లోపల మనిషి అడుగు పెట్టకూడదు. బతికున్నన్నాళ్ళూ మాస్టారు ఈ మాట వింటే పకపకా నవ్వేవారు. పోయాక ఎవరి నవ్వు ఎవరికి వినపడుతుంది? కామేశ్వరమ్మగారి తమ్ముడు ఆవిణ్ణి పక్క వీధిలో ఉన్న తన ఇంటికి తీసుకుపోయాడు. వెళ్ళే ముందు ఆయనే గదిలోకి వెళ్ళి కంప్యూటరు తెర మీద ఉన్న మీట నొక్కాడు. తెర నల్లబడింది, ఆగిపోయిందనుకున్నాడు. బల్ల కింద ఉన్న అసలు పెట్టె సంగతి ఆయనకు తెలియదు. మూసిన ఇంట్లో నూనె దీపం పెట్టలేరు గనక, పోయిన చోట వెలుగుండాలని జీరో బల్బు వేసి, మెయిను ఆపకుండా తాళం పెట్టారు.

పదో రోజున పిండం కాకి ముట్టలేదు. గంటన్నర చూశారు. కామేశ్వరమ్మగారు ఆయన కోరికలని తనకు తోచినవన్నీ పేరుపేరునా చెప్పి, తీరుస్తానని దణ్ణం పెట్టారు. కాకి గోడ మీద కూర్చుని అటు తిరిగింది. చివరికి దర్భతో కాకిని చేసి ముట్టించి అయిందనిపించారు.

మార్చి వచ్చింది. కరెంటు కోత మొదలైంది, మధ్యాహ్నం రెండు నుంచి నాలుగు దాకా.

ఒకరోజు అన్నం తింటుంటే నజీరా తల్లి రసూల్‌బీ మాట ఎత్తింది.

"మాస్టారింట్లో రోజూ సాయంత్రం పాట వస్తందంటనే. ఆయన మిషను పెడితే వచ్చేది, ఆ పాటే. దాని వెనకాల ఠంగుమని ఒక మోతంట. తాళం వేసిన ఇంట్లో మిషను ఎవరు పెడతారు చెప్పు? ఆ వీధిలో ఆ టైముకి పిల్లల్ని బయటికి రానియ్యట్లేదు. కాకి ముట్టలేదు గదా, మనిషి ఇల్లు వదల్లేదంటన్నారు."

నజీరా చెయ్యి కంచంలో ఆగిపోయింది. ఊళ్ళో ఆ సంగతి అర్థమైంది ఆమె ఒక్కదానికే. మాస్టారి మిషను పాతరకం. దాని మీట లోపలికి నొక్కితే అలాగే ఉండిపోతుంది, మళ్ళీ నొక్కితే గాని బయటికి రాదు. మీట లోపల ఉన్నంతకాలం కరెంటు పోతే మిషను పడుకుంటుంది, వస్తే దానంతటదే లేస్తుంది. లేచి పాట పాడుతుంది. తెలుగు సాఫ్టువేరును తెరవబోతుంది. ఫైలు కనపడక ఠంగుమంటుంది.

ఇంత తెలిసీ ఆమె నోరు విప్పలేదు. మిషను ఎందుకు ఆగలేదని అడుగుతారు. ఆపొద్దని ఎవరన్నారని అడుగుతారు. మాస్టారు పొద్దుటినుంచీ ఎవరి కోసం ఎదురుచూస్తూ పోయారో అప్పుడు ఊరందరికీ తెలుస్తుంది. నజీరాకు భయం వేసింది. ఉన్నమాట చెప్పాలంటే, దయ్యం ఉందని నమ్మినవాళ్ళు ఆ వేళకు పిల్లల్ని లోపలికి పిలుచుకుని తలుపులేసుకుంటే సరిపోయింది. దయ్యం లేదని తెలిసిన పిల్లకు మాత్రం ఏ తలుపూ పనికిరాలేదు. ఎవరి మిషనులో ఏ గడి వచ్చి ఠంగుమన్నా గుండె జారిపోయేది. నాలుగవుతుంటే కొట్లో ఫోను వైపు చూసేది. ఒకటి రెండుసార్లు మోగని ఫోను ఎత్తింది కూడా.

చివరికి ఉండలేక ఒక సాయంత్రం మాస్టారి వీధికి వెళ్ళింది. వీధిలో మనిషి పురుగు లేదు. మూసిన ఇంటి అరుగు మీద కామేశ్వరమ్మగారు ఒక్కరే కూర్చుని ఉన్నారు. సగానికి సగం చిక్కిపోయారు. నాలుగు కాగానే వీధిలో ఎక్కడో రేడియో గరగరమంది. కాసేపటికి తలుపు వెనకనుంచి ఆ పాట సన్నగా వచ్చింది. దాని వెనకే ఠంగుమని మోత.

కామేశ్వరమ్మగారు తలుపుకు చెవి ఆనించారు. "ఏం కావాలండీ మీకు?" అన్నారు మెల్లగా, కాఫీలో పంచదార చాలిందా అని అడిగినట్టు. "రోజూ పిలుస్తారు, ఏం కావాలో చెప్పరు. నాకు తెలియడం లేదండీ. చెప్పండి."

నజీరా గోడ పక్కనుంచే వెనక్కి వచ్చేసింది. మర్నాడు కొట్టు తెరవకుండా చిలకలూరిపేట బస్సెక్కింది.

ఇమ్మానియేలు హైవే పక్కన మిల్లుల మధ్య కొట్లో, ఒంటి మీద దూదితో, విప్పిన మిషను ముందు కూర్చుని ఉన్నాడు. నజీరా ఏడవకుండా చెప్పాలనుకుంది, కుదరలేదు. ఆయన అంతా విని పని మాట ఒక్కటే అడిగాడు.

"ఇంగ్లీషు సీడీ తీసేసేటప్పుడు నిన్నేమన్నా అడిగిందా చెల్లెమ్మా?"

"అడిగిందన్నా. ఈ ఫైలు ఇంకెవరూ వాడట్లేదు, తీసెయ్యమంటావా అంది. ఒకదాని తర్వాత ఒకటి అడుగుతా ఉంటే విసుగొచ్చి, అన్నిటికీ అవుననే బటను నొక్కా."

"అదే మరి" అన్నాడాయన. "పెళ్ళి గుండిగ తెలుసుగా? వీధి మొత్తానికి ఒకటే ఉంటది. నాలుగిళ్ళోళ్ళూ దాంట్లోనే వండుకుంటారు. ఒకళ్ళు ఇల్లు ఖాళీ చేసి పోతా, ఇదిక ఎవరికీ అక్కర్లేదని అమ్మేశారనుకో. ఎల్లుండి పెళ్ళి పెట్టుకున్నోడు ఏం చెయ్యాల? డీఎల్ఎల్ కూడా అంతే. అది ఒకళ్ళ సొత్తు గాదు. మిషను లెక్క ఒక్కోసారి తప్పిద్ది, అందుకే మనల్ని అడిగిద్ది. ఉంచితే నష్టం లేదని కూడా ఆ గడిలోనే రాసుంటది. చదివేదెవరు?"

నజీరా అప్పటిదాకా తను రాలేదనే బాధపడుతోంది. పాడుచేసింది కూడా తనేనని ఇప్పుడు తెలిసింది. బస్సులో వచ్చేటప్పుడు ఉన్న బరువు రెండింతలైంది.

ఇమ్మానియేలు రేకు పెట్టెలోంచి ఫ్లాపీలు తీసి వెతికాడు. పాత మిషను పారేసే ముందు అందులో ఫైళ్ళు దాచుకోవడం ఆయన అలవాటు. ఒకటి తీసి నజీరా చేతిలో పెట్టాడు.

"నువ్వు పేరు చూసి తెచ్చావు. పేరొకటే అయితే సరిపోద్దా? లోపల నంబరు చూడాల. నీ కొట్లోది కొత్తది, దానికి ఆ సాఫ్టువేరు భాష తెలవదు. ఇది తొంభై ఏడుది, సరిగ్గా కలిసిద్ది. ముందు నువ్వు వేసిన తప్పుది తీసెయ్. దీన్ని పెట్టు. పెట్టి ఊరుకోబాక. ఫైలు వచ్చిందని మిషనుకి చెప్పాల, చెప్పకపోతే పక్కనే ఉన్నా కనపడదు. ఆ కమాండు గుర్తుందా?"

"ఉందన్నా."

"అయితే పోయి చెప్పు" అన్నాడు ఇమ్మానియేలు. మిషనుకు చెప్పమన్నాడో మనుషులకు చెప్పమన్నాడో నజీరా అడగలేదు.

మర్నాడు మూడింటికి కామేశ్వరమ్మగారు తమ్ముడి ఇంట్లో వరండాలో ఉన్నారు. ముందు పెట్టిన కంచంలో అన్నం ఆరిపోయి ఉంది. నజీరా కూర్చోకుండా నిలబడే చెప్పింది. ఇంగ్లీషు సీడీ దగ్గర మొదలుపెట్టి, అన్నిటికీ అవునన్న బటను, మూడు ఫోన్లు, రేపొస్తానన్న మాట, ఏదీ దాచకుండా చెప్పింది.

"మీట నొక్కే ఉందమ్మగారూ. మీ తమ్ముడుగారు ఆపింది తెర ఒక్కటే. ఆపొద్దని మాస్టారితో చెప్పింది నేనే. కరెంటు వచ్చినప్పుడల్లా మిషను దానంతటదే లేస్తోంది."

కామేశ్వరమ్మగారు కంచం పక్కకు జరిపారు.

"అయితే ఆయన కాదా?"

నజీరా దీనికి సిద్ధపడి రాలేదు. తిడతారనుకుంది, శపిస్తారనుకుంది. దయ్యాన్ని తీసేస్తే ఆవిడకు ఊరట అనుకుంది గాని, ఆ దయ్యం తప్ప ఆవిడకు ఇంకేం మిగిలిందని ఆలోచించలేదు.

"కాదమ్మగారూ."

"నువ్వు ఆ పూట వచ్చుంటే బతికేవారా?"

"తెలియదమ్మగారూ."

"నాకూ తెలియదు" అన్నారు కామేశ్వరమ్మగారు. "రెండోసారి ఫోను పెట్టేశాక మొహం చిన్నబుచ్చుకున్నారు. ఆపేసి వచ్చి పడుకోండి అంటే, నజీరా ఆపొద్దందే, పిల్ల వచ్చేస్తుంది అన్నారు. ఆ మాట నాకు గుర్తుంది. నిన్ను పిలిపించి అడగాలని నాలుగుసార్లు అనుకున్నాను. ఏం వినాల్సి వస్తుందోనని భయం వేసింది." కొంగులోంచి తాళంచెవి విప్పారు. తమ్ముడు లోపలినుంచి వచ్చి, ఆరు నెలలు తిరక్కుండా తలుపు తియ్యకూడదక్కా అన్నాడు. "నియమం మనకి. ఆ పిల్ల ఆయనకి మాటిచ్చింది" అన్నారావిడ.

మాస్టారింటి తలుపు తీసి లోపలికి వెళ్ళింది నజీరా ఒక్కతే. కామేశ్వరమ్మగారు అరుగు మీదే ఉండిపోయారు. ఇంకా కరెంటు రాలేదు. కిటికీలు బిగించిన గదిలో మగ్గిన వాసన, వేడి. గోడ తడుముకుంటూ వెళ్ళి బల్ల దగ్గర నిలబడింది. కళ్ళు అలవాటు పడ్డాక ఒక్కొక్కటీ కనిపించాయి. భూతద్దం. ఎండిన పురుగులున్న అగ్గిపెట్టెలు. మాస్టారి కుర్చీ. కుర్చీ పక్కన స్టూలు, దాని మీద నాలుగు మడతలు పెట్టిన తువ్వాలు. తను వెళ్ళినప్పుడల్లా గట్టిగా ఉంటుందమ్మా అని ఆయన తువ్వాలు మడిచి వేసే స్టూలు. ఆ రోజు పొద్దున్నే వేసి పెట్టారన్నమాట. నజీరా ఓణీ నోటికి అడ్డం పెట్టుకుని ఏడ్చింది. బయట అరుగు మీదికి వినపడే ఉంటుంది.

నాలుగింటికి జీరో బల్బు వెలిగింది. బల్ల కింద ఫ్యాను కిర్రుమని తిరగడం మొదలుపెట్టింది. కాలి దగ్గర పెట్టె గుర్రుమని లేచింది. ఎందుకో ఏమిటో అన్నీ తెలిసిన నజీరాకు ఒళ్ళు గగుర్పొడిచింది. నల్లటి తెర ముందు ఖాళీ కుర్చీ, ఎవరూ ముట్టుకోకుండానే పాట. ఆ తర్వాత ఠంగుమని మోత.

తెర మీట నొక్కింది. గడి అక్కడే ఉంది.

కుర్చీలో కూర్చోలేదు. స్టూలు మీదే కూర్చుంది. తను వేసిన తప్పుడు ఫైలు తీసేసింది. ఫ్లాపీ పెట్టి, నంబరు రెండుసార్లు సరిచూసి, అసలుది దాని చోట పెట్టింది. ఫైలు వచ్చిందని మిషనుకు చెప్పే కమాండు ఒక్కో అక్షరం చూసుకుంటూ కొట్టింది. సరేనని ఇంకో గడి వచ్చింది, ఈసారి అంత పొడుగు వాక్యాన్నీ చివరిదాకా చదివింది. అప్పుడు తెలుగు సాఫ్టువేరు తెరిచింది. మాస్టారు జనవరిలో ఆపిన పేజీ అచ్చంగా తెలుగులో వచ్చి నిలబడింది.

"ఏం రాశారే?" అన్నారు బయటినుంచి కామేశ్వరమ్మగారు.

నజీరా బయటికి వినపడేలా చదివింది. "అక్షింతల పురుగు పెద్దదైతే అందరికీ ముద్దు. దాని పిల్ల మాత్రం నల్లగా, ముళ్ళు ముళ్ళుగా ఉంటుంది. రైతు దాన్ని గుర్తుపట్టడు. పేనుబంకను తినేది అదేనని తెలియక మందు కొడతాడు. దేనికి పనికొస్తుందో నీకు తెలియని పురుగును చంపే ముందు ఒక్క పూట దాని పక్కన కూర్చుని చూడు."

నజీరా పుస్తకం మొత్తం రెండు ఫ్లాపీల్లోకి ఎక్కించింది.

"అచ్చు వేయిస్తానమ్మగారూ. ఇవాళే. మరి మిషను ఆపమంటారా?"

అరుగు మీదినుంచి కామేశ్వరమ్మగారి గొంతు వచ్చింది. "నువ్వు వచ్చేదాకా ఆపనన్నారు ఆయన. వచ్చానని నువ్వే చెప్పు."

నజీరా స్టూలు మీదనుంచి లేచింది. ఖాళీ కుర్చీ వైపు తిరిగింది. బళ్ళో ఆలస్యంగా వచ్చిన రోజుల్లో గుమ్మంలో నిలబడ్డట్టే చేతులు కట్టుకుంది.

"వచ్చాను మాస్టారూ. పుస్తకం తెరుచుకుంది. ఆపేస్తున్నాను."

మీట నొక్కింది. ఇన్నాళ్ళూ లోపల ఉన్న మీట టక్కుమని బయటికి వచ్చింది. గోడలోంచి వైరు పీకి, దాన్ని గుమ్మం దాకా తెచ్చి కామేశ్వరమ్మగారికి చూపించింది. ఆవిడ ఆ వైరు కొసను చేత్తో పట్టుకుని చూసి వదిలేశారు.

మర్నాడు నాలుగింటికి కరెంటు వచ్చింది. వీధి వీధంతా చెవులు రిక్కించుకుని ఉంది. ఏమీ వినపడలేదు. కామేశ్వరమ్మగారు రోజూలాగే అరుగు మీద కూర్చున్నారు. నజీరా అచ్చు కాగితాల కట్ట పట్టుకుని గోడ దగ్గర నిలబడింది. ఆవిడ ఆ తలుపు వంక చూసి, "ఇంక పిలవరు" అన్నారు. తర్వాత కాగితాలు ఒళ్ళో పెట్టుకుని మొదటి పేజీ తీశారు. ఆ రాత్రి ఆవిడ అన్నం అడిగి పెట్టించుకున్నారని తమ్ముడు చెప్పాడు.

అది ఆవిడ సంగతి. నజీరా కొట్లో మాత్రం ఇప్పటికీ సాయంత్రం నాలుగింటికి ఫోను మోగితే, ఎంత పనిలో ఉన్నా, రెండో మోత రాకముందే ఆమె చెయ్యి దాని మీద ఉంటుంది.